సిమోన్ సిన్యోరే: నలభై దాటాక ఆమె ముసలి పాత్రలను ఎంచుకున్నారా, అవే ఆమెకు మిగిలాయా?

ప్రశ్న: రాత్రి ఆట

సభ్యులందరికీ నమస్కారం. ఫ్రెంచి నటి సిమోన్ సిన్యోరే చిత్రాలను కొంతకాలంగా వరుసక్రమం లేకుండా చూస్తూ వస్తున్నాను. మొదట చూసినది క్లూజో తీసిన "లే దియబోలీక్" (1955). అందులో పొట్టి జుట్టుతో, నల్ల కళ్ళద్దాలతో, ఎవరినీ లెక్కచేయని నడకతో కనిపించే ఉపాధ్యాయిని నికోల్ పాత్ర ఆమెది. ఆ తరువాత, మధ్యలో మరేదీ చూడకుండా, "మేడమ్ రోజా" (1977) చూశాను. ఆరో అంతస్తు వరకు మెట్లెక్కలేక ఆయాసపడే, ఒళ్ళు బరువెక్కి, ముఖమంతా ఉబ్బిన ఆ ముసలామె ఆ నికోలేనని నమ్మడానికి నాకు కొంత సమయం పట్టింది. రెండు చిత్రాల మధ్య ఉన్నది ఇరవై రెండేళ్ళు మాత్రమే. రోజా పాత్ర నాటికి ఆమె వయసు 56. మేకప్ సహాయం ఉన్నదని తెలిసినా, ఆ మార్పంతా మేకప్‌దే కాదని చూస్తుంటేనే అర్థమవుతుంది.

నా సందేహాలు ఇవి. "రూమ్ ఎట్ ది టాప్" చిత్రానికి 1960లో ఉత్తమ నటిగా ఆస్కార్ అందుకున్నప్పుడు ఆమెకు 39 ఏళ్ళు. ఆ వయసులో, ఆ బహుమతితో, చక్కని ఇంగ్లీషు మాట్లాడగలిగిన నటి హాలీవుడ్‌లో ఎందుకు స్థిరపడలేదు? తన తరం తారలు వయసును దాచుకోవడానికి నానా తంటాలు పడుతున్న కాలంలో ఆమె దానిని తెరమీద అంత బాహాటంగా పరచడం కోరి చేసిన పనేనా, లేక వచ్చిన పాత్రలే అలాంటివా? మూడవది చిన్న కోరిక: వీటిని అర్థం చేసుకోవడానికి తరువాత ఏ చిత్రాలు చూడాలో సూచించగలరు. కథల ముగింపులు చెప్పవలసి వస్తే చెప్పండి, నాకు అభ్యంతరం లేదు.

జవాబు: పాత రీళ్ళు

మీ మొదటి సందేహానికి జవాబు ఆస్కార్ దగ్గర మొదలుపెడితే దొరకదు. ఆమె నటి కావడానికి ముందటి సంవత్సరాలకు వెళ్ళవలసి ఉంటుంది. అందుకని కొంచెం నిడివి ఎక్కువైనా ఓపిక పట్టండి.

ఆమె 1921 మార్చి 25న జర్మనీలోని వీస్‌బాడెన్‌లో పుట్టారు. తండ్రి ఆంద్రే కమింకేర్ అప్పట్లో రైన్ ప్రాంతాన్ని ఆక్రమించి ఉన్న ఫ్రెంచి సైన్యంలో అధికారి. ఆయన యూదు కుటుంబానికి చెందినవారు; తల్లి జార్జెట్ సిన్యోరే కాథలిక్. బాల్యమంతా పారిస్‌ను ఆనుకొని ఉన్న న్యూయీలో గడిచింది. తండ్రి తరువాతి కాలంలో అంతర్జాతీయ సభలలో ఉపన్యాసాలను అప్పటికప్పుడే అనువదించే దుబాసీగా గొప్ప పేరు తెచ్చుకున్నారు. 1940లో ఫ్రాన్స్ ఓడిపోగానే ఆయన లండన్ చేరి, అక్కడి నుంచి జర్మన్లపై పోరాటం సాగించిన జనరల్ ద గాల్ పక్షంలో కలిశారు. ఇంటి వద్ద తల్లి, ఇద్దరు తమ్ముళ్ళు మిగిలారు. సంపాదించే బాధ్యత పందొమ్మిదేళ్ళ సిమోన్ మీద పడింది.

ఆమె పిల్లలకు ఇంగ్లీషు, లాటిన్ ట్యూషన్లు చెప్పారు. తరువాత జాఁ లూషేర్ నడిపే "లే నూవో తాఁ" అనే పత్రికలో కార్యదర్శిగా, టైపిస్టుగా చేరారు. ఆ పత్రిక జర్మన్లకు వత్తాసు పలికిన పత్రిక. యుద్ధం ముగిశాక, 1946లో, లూషేర్‌కు దేశద్రోహ నేరం మీద మరణశిక్ష అమలయింది. తండ్రి లండన్‌లో శత్రువుకు వ్యతిరేకంగా పనిచేస్తుండగా కూతురు శత్రువు తొత్తు కార్యాలయంలో టైపు కొట్టడం ఎంతటి విపర్యాసమో ఆమెకు తెలియనిది కాదు. ఆత్మకథలో ఈ సంగతిని ఆమె దాచలేదు, సమర్థించుకోనూ లేదు. సెయింట్ జెర్మన్ పేటలోని కఫే ద ఫ్లోర్‌కు రాకపోకలు మొదలయ్యాక, అక్కడి రచయితల, నటుల, వామపక్ష యువకుల సాంగత్యంలో ఆమె ఆ ఉద్యోగం వదిలేసి సినిమాలో చిన్నచిన్న వేషాల కోసం తిరగసాగారు. యూదు తండ్రి పేరుతో నటించడానికి అనుమతి దొరకదు కాబట్టి తల్లి ఇంటిపేరును తన పేరు చేసుకున్నారు. కార్నే తీసిన "లే విజితర్ దు స్వార్" (1942)లో గుంపులో ఒకరిగా ఉన్నారు; పేర్ల జాబితాలో ఆమె పేరు లేదు.

దర్శకుడు ఈవ్ అలెగ్రేతో సహజీవనం, 1946లో కూతురు కాత్రీన్ జననం, 1948లో వివాహం. అదే ఏడాది ఆయనే తీసిన "దేదే దాంవేర్స్"లో ఆంట్వెర్ప్ రేవులోని వేశ్యగా ఆమెకు పేరు వచ్చింది. 1950లో అలెగ్రే దర్శకత్వంలోనే "మనేజ్"లో మొగుణ్ణి నిలువునా ముంచే భార్యగా నటించారు. ఓఫుల్స్ తీసిన "లా రోంద్"లో మళ్ళీ వేశ్య. 1949 ఆగస్టులో, సాఁ-పోల్-ద-వాఁస్ ఊళ్ళోని కొలోంబ్ దోర్ అనే సత్రంలో గాయకుడు ఈవ్ మోంతాఁ పరిచయమయ్యారు. మొదటి వివాహం అక్కడితో ముగిసింది; 1951 డిసెంబరులో వారిద్దరూ పెళ్ళి చేసుకున్నారు.

ఇక మీరు అడిగిన హాలీవుడ్. 1950లో అణ్వాయుధాలను నిషేధించాలని కోరిన స్టాక్‌హోమ్ విజ్ఞప్తి మీద దంపతులిద్దరూ సంతకం చేశారు. వారు కమ్యూనిస్టు పార్టీ సభ్యులు ఎన్నడూ కారు, అయినా పార్టీకి దగ్గరివారని లోకమంతా ఎరిగినదే. కమ్యూనిస్టులన్న అనుమానం ఉన్నవారినల్లా వేటాడిన మెకార్తీ యుగపు అమెరికా అటువంటివారికి వీసా ఇవ్వదు. ఆ గడ్డపై వారు కాలుపెట్టగలిగినది 1959 శరత్కాలంలో, న్యూయార్క్‌లో మోంతాఁ పాటల ప్రదర్శనకు ప్రత్యేక మినహాయింపు లభించినప్పుడే. అంటే నటీమణులను అమెరికన్ స్టూడియోలు యూరప్ నుంచి తెచ్చుకొని తారలుగా మలిచే వయసులో, ఇరవై తొమ్మిది నుంచి ముప్పై ఎనిమిది వరకు, ఆమెకు ఆ తలుపు మూసే ఉంది. తెరుచుకున్న కొద్ది నెలలకే ఆస్కార్ వచ్చింది. "రూమ్ ఎట్ ది టాప్" బ్రిటిష్ చిత్రమన్నది గుర్తుంచుకోవాలి. హాలీవుడ్ ఆమెను కనుగొనలేదు, ఇంకొకరు కనుగొన్నాక పట్టాభిషేకం చేసింది. పారిస్ శివారులో పుట్టిన నటి క్లోడెట్ కోల్బేర్ 1935లోనే ఆ బహుమతి అందుకున్నా, ఆమె చిన్ననాటి నుంచీ అమెరికాలో పెరిగిన మనిషి. ఫ్రాన్స్‌లో పేరు తెచ్చుకొని అక్కడే పనిచేస్తున్న నటికి ఉత్తమ నటి ఆస్కార్ మళ్ళీ 2008లో మారియోన్ కోతియార్‌కు గాని రాలేదు.

జవాబు: వెండితెర వెనుక

పాత రీళ్ళు గారు చెప్పిన చరిత్రకు నేను చేర్చగలిగినది తక్కువ. నటన గురించి మాత్రం ఒక మాట చెప్పాలనిపిస్తున్నది. రాత్రి ఆట గారు 1955 నుంచి 1977కు ఒక్క గెంతున దూకారు కాబట్టి అందాల తార ఒకరు, ముసలి నటి మరొకరు అన్నట్లుగా కనిపిస్తున్నది. వరుసగా చూసినవారికి అలా కనిపించదు. ముప్పై ఏళ్ళు నిండకముందు ఆమె వేసిన పాత్రలను గమనించండి: దేదే, "మనేజ్"లోని దోరా, "లా రోంద్"లోని లెయోకాదీ. అందరూ గతం ఉన్న ఆడవాళ్ళే. అమాయకపు పడుచుపిల్ల వేషం ఆమెకు ఎన్నడూ నప్పలేదు, పెద్దగా ఎవరూ ఇవ్వనూ లేదు. ఆమె ముఖంలో మొదటి నుంచీ ఉన్నది, అన్నీ చూసేశాను, ఇక నన్ను ఎవరూ కొత్తగా మోసగించలేరు అనే ధోరణి. ఆ ధోరణికి వయసు శత్రువు కాదు.

"కాస్క్ దోర్" (1952) ఇందుకు మినహాయింపులా కనిపిస్తుంది. ఇరవయ్యో శతాబ్దపు తొలినాళ్ళ పారిస్ రౌడీ ముఠాల మధ్య నిజంగా జీవించిన అమెలీ ఎలీ అనే స్త్రీ కథ ఆధారంగా జాక్ బెకేర్ తీసిన ఈ చిత్రంలో ఆమె పేరు మారీ. బంగారు రంగు జుట్టును శిఖరంలా ముడిచి, ఏటి ఒడ్డున పడవ దిగి, నృత్యశాలలో వడ్రంగి మాందాను కన్నెత్తి చూడటంతోనే కథ మొదలవుతుంది. ఆమె అందం పరాకాష్ఠలో ఉన్నది ఇందులోనే. కాని ఆఖరి ఘట్టంలో ఆమె చేసిన పని చూడండి. మాందాకు గిలొటిన్ శిక్ష పడుతుంది. మారీ ఆ ప్రదేశం కనిపించే కిటికీ ఉన్న గదిని అద్దెకు తీసుకొని, తెల్లవారేదాకా కాచుకొని, ప్రియుడి తల తెగడాన్ని చూస్తుంది. ఏడవదు. చూపు తిప్పుకోదు. కత్తి పడిన క్షణంలో తల కొద్దిగా వాలుతుంది, అంతే. ఇంకొక నటి అయితే ఆ చోట కన్నీళ్ళు కురిపించేది, దర్శకుడు కూడా అడిగేవాడు. విచిత్రం ఏమంటే, విడుదలైనప్పుడు ఫ్రాన్స్‌లో ఈ చిత్రాన్ని పెద్దగా పట్టించుకోలేదు. ఇంగ్లండు విమర్శకులు దానిని ఆకాశానికెత్తారు, బ్రిటిష్ అకాడమీ ఆమెకు ఉత్తమ విదేశీ నటి బహుమతి ఇచ్చింది. ఆమెను "రూమ్ ఎట్ ది టాప్"కు పిలిచేంత అభిమానం అక్కడ ఏర్పడటానికి పునాది ఇదే కావచ్చునని నా ఊహ.

ఆ బ్రిటిష్ చిత్రానికి ఆధారమైన జాన్ బ్రెయిన్ నవలలో ఆలిస్ ఇంగ్లీషు స్త్రీ. సిన్యోరే కోసం ఆమెను ఫ్రెంచి స్త్రీగా మార్చారు. ఆ మార్పు వల్ల కథకు మేలే జరిగింది. యార్క్‌షైర్ మిల్లుల ఊళ్ళో, ప్రేమలేని కాపురంలో ఇరుక్కున్న పరాయి దేశపు మనిషి, తనకంటే చిన్నవాడైన జో లాంప్టన్‌ను ప్రేమిస్తుంది. అతడు మిల్లు యజమాని కూతురి కోసం ఆమెను వదిలేస్తాడు. అతడి పక్కన ఆమె వయసు ఎక్కువగా కనిపించాలి, అలా కనిపిస్తూనే అతడు ఎవరిని పోగొట్టుకుంటున్నాడో ప్రేక్షకుడికి తెలియాలి. దర్శకుడు జాక్ క్లేటన్ ఆమె ముఖాన్ని దగ్గరగా చూపినప్పుడు కంటి కింది గీతలు దాచలేదు. ఆమె కూడా దాచమని అడిగిన జాడ ఆ చిత్రంలో ఎక్కడా కనిపించదు. ఆస్కార్ వచ్చినది సరిగ్గా ఆ గీతలకే అని నేనంటే అతిశయోక్తిగా తోచవచ్చు, చిత్రం చూశాక చెప్పండి. మీరు 1977 నాటి చిత్రంలో చూసిన మనిషి 1959లోనే బయలుదేరింది.

జవాబు: కృష్ణా ఎక్స్‌ప్రెస్

వెండితెర వెనుక గారి విశ్లేషణ బాగుంది, కాని అది కొంచెం ఎక్కువ అందంగా ఉంది. వయసును ఆమె ధీరంగా స్వీకరించారని అందరం అంటాం, ఆమె కూడా ముఖాముఖాలలో ఆ తీరునే మాట్లాడేవారు. నేను రెండు లెక్కలు మీ ముందు పెడతాను.

"లె షా" అనే చిత్రం 1971లో వచ్చింది. సిమెనోఁ నవల ఆధారంగా పియేర్ గ్రానియే-దెఫేర్ తీసినది. కూల్చివేతల నడుమ మిగిలిన చిన్న ఇంట్లో ఒకరినొకరు ద్వేషించుకుంటూ, మాటలు మాని బతికే ముసలి దంపతుల కథ. భర్తకు పిల్లి మీద ఉన్న ప్రేమను చూసి ఓర్వలేక భార్య దానిని చంపుతుంది. భర్తగా జాఁ గాబేఁ, భార్యగా సిన్యోరే నటించారు. బెర్లిన్ చలనచిత్రోత్సవంలో ఇద్దరికీ నటనకు వెండి ఎలుగుబంటి బహుమతులు వచ్చాయి. గాబేఁ 1904లో పుట్టారు, సిన్యోరే 1921లో. అంటే యాభై ఏళ్ళ స్త్రీ తనకంటే పదిహేడేళ్ళు పెద్దవాడైన మగవాడితో సమానంగా ముసలిదై కూర్చున్నది.

రెండవ లెక్క ఇంకా చేదుగా ఉంటుంది. మోంతాఁ కూడా 1921లోనే, అక్టోబరులో పుట్టారు. భార్య కంటే ఏడు నెలలు చిన్నవాడు. "లె షా" వచ్చిన మరుసటి ఏడాది, 1972లో, ఆయన "సెజార్ ఎ రోజలీ"లో ప్రేమికుడిగా నటించారు. ఆయన సరసన నటించిన రోమీ ష్నైడర్ ఆయనకంటే పదిహేడేళ్ళు చిన్నది. ఒకే ఇంట్లో ఉన్న ఒకే వయసు భార్యాభర్తలలో సినిమా ఒకరిని పదిహేడేళ్ళు ముందుకు, ఒకరిని పదిహేడేళ్ళు వెనక్కి జరిపింది. దీనిని ఎంపిక అని ఎలా అంటాం? ఎంపిక అనేది ఉంటే, దొరికిన వాటిలో మంచివి ఏరుకోవడంలో ఉంది. అందులో ఆమె దిట్ట అని ఒప్పుకుంటాను. అదే 1971లో అదే దర్శకుడు సిమెనోఁ నవలనే మరొకటి తీసుకొని చేసిన "లా వవ్ కుదేర్క్"లో, పారిపోయి వచ్చిన ఖైదీ అయిన ఆలేఁ దెలోఁకు ఆశ్రయమిచ్చే పల్లెటూరి విధవగా ఆమె ఉన్నారు. ఆ పాత్రలో మోహం ఉంది, సిగ్గు లేదు. అలాంటి అవకాశాలు కూడా వచ్చాయి కాబట్టి నా వాదన పూర్తిగా నిలుస్తుందని చెప్పను.

ఆస్కార్ తరువాతి దశాబ్దాన్ని కూడా కీర్తిగా మాత్రమే చూడకూడదు. ఇటలీలో ఒక చిత్రం, బ్రిటన్‌లో లారెన్స్ ఒలీవియే భార్యగా ఒక చిత్రం, హాలీవుడ్‌లో స్టాన్లీ క్రేమర్ తీసిన "షిప్ ఆఫ్ ఫూల్స్" (1965). ఈ చివరిదానిలో మత్తుమందుకు బానిసైన స్పానిష్ ప్రభువంశీకురాలిగా ఆమె, ఓడ వైద్యుడిగా ఆస్కార్ వెర్నర్ కలిసి ఉన్న దృశ్యాలు మిగతా చిత్రాన్నంతా మింగేస్తాయి. ఇద్దరికీ ఆస్కార్ నామినేషన్లు దక్కాయి. మరుసటి ఏడాది అమెరికన్ టెలివిజన్ నాటిక ఒకదానికి ఎమ్మీ అందుకున్నారు. అదే 1966లో లండన్ రాయల్ కోర్ట్ రంగస్థలం మీద అలెక్ గిన్నిస్ సరసన లేడీ మాక్‌బెత్‌గా కనిపించి విమర్శకుల చేత చీవాట్లు తిన్నారు. షేక్‌స్పియర్ పద్యం ఆమె యాసలో ఒదగలేదన్నది వారి ఫిర్యాదు. పొగతాగడం, మద్యం కూడా ఆ ముఖం మీద తమ వంతు పని చేశాయని జీవిత చరిత్రకారులు దాచకుండా రాశారు. మొత్తం మీద అది ఒక నటి తనకు తగిన చోటు వెదుక్కుంటూ దేశదేశాలు తిరిగిన కాలం.

జవాబు: వెండితెర వెనుక

కృష్ణా ఎక్స్‌ప్రెస్ గారూ, రెండు పదిహేడుల లెక్క నన్ను నిరుత్తరుణ్ణి చేసింది, దానికి నా దగ్గర సమాధానం లేదు. అయినా పాత్ర ఎవరు ఇచ్చారన్నది ఒక సంగతి, దానిని ఏం చేశారన్నది మరొక సంగతి. "లె షా"లో ఆమె ఒకప్పటి సర్కస్ కళాకారిణి, ప్రమాదంలో కాలు దెబ్బతిన్న మనిషి. ఆ కుంటి నడకలో ఒకనాటి వ్యాయామపు ఒడుపు ఇంకా ఎక్కడో మిగిలి ఉన్నట్లు కనిపిస్తుంది. వయసును అనుభవించడం వేరు, నటించడం వేరు; యాభైలో అరవై ఐదును నటించడానికి నైపుణ్యం కావాలి.

రాత్రి ఆట

ఇంత వివరంగా రాసినందుకు అందరికీ కృతజ్ఞతలు. నిన్న రాత్రి మెల్విల్ తీసిన "ఆర్మీ ఆఫ్ షాడోస్" (1969) చూశాను. జర్మన్ ఆక్రమణను రహస్యంగా ఎదిరించిన ప్రతిఘటన దళంలో అందరికంటే సమర్థురాలైన మతిల్ద్ పాత్రలో ఆమె ఉన్నారు. కూతురి ఫొటో దగ్గర ఉంచుకోవడం అనే ఒకే ఒక్క బలహీనత వల్ల జర్మన్లకు లొంగవలసి వచ్చిన ఆమెను, చివరకు సొంత సహచరులే కారులో వచ్చి నడివీధిలో కాల్చి చంపుతారు. తుపాకీ కనిపించిన క్షణంలో ఆమె ముఖం మీద భయం ఉందా, ఆశ్చర్యం ఉందా, సమ్మతి ఉందా అన్నది ఎన్నిసార్లు వెనక్కి తిప్పి చూసినా తేల్చుకోలేకపోయాను. యుద్ధకాలంలో ఆమె ఏ పత్రికలో పనిచేశారో చదివాక ఈ పాత్ర ఇంకోలా కనిపిస్తున్నది. ఆమె రాజకీయాల గురించి ఎవరైనా ఇంకొంచెం చెప్పగలరా? అవి పాత్రల ఎంపికను నడిపించాయా?

జవాబు: పాత రీళ్ళు

పాత్రకూ జీవితానికీ ముడివేయడంలో కొంచెం జాగ్రత్త అవసరం. జోసెఫ్ కెసెల్ యుద్ధం జరుగుతుండగానే, 1943లో రాసిన పుస్తకం దానికి మూలం. ప్రతిఘటనలో పాల్గొన్నది మెల్విల్ గారే, సిన్యోరే కాదు. అయితే ఆమె రాజకీయాలు చిత్రాలను ప్రభావితం చేసిన సందర్భాలు మాత్రం స్పష్టంగా ఉన్నాయి.

మొదటిది ఆర్థర్ మిల్లర్ నాటకం "ది క్రూసిబుల్". మంత్రగత్తెల వేట అనే పేరుతో మెకార్తీ వేటను ఎండగట్టిన ఆ నాటకాన్ని 1954 డిసెంబరులో పారిస్‌లోని సారా బెర్నార్ థియేటర్‌లో దంపతులిద్దరూ కలిసి ఆడారు. తరువాత దానినే రచయిత సార్త్ర్ స్క్రీన్‌ప్లేతో, తూర్పు జర్మనీ ప్రభుత్వ స్టూడియో భాగస్వామ్యంతో చిత్రంగా తీశారు, 1957లో విడుదలైంది. ఎలిజబెత్ ప్రాక్టర్ పాత్రకు ఆమెకు మళ్ళీ బ్రిటిష్ అకాడమీ బహుమతి వచ్చింది.

రెండవది వారి జీవితంలోనే పెద్ద మలుపు. 1956 నవంబరులో సోవియట్ ట్యాంకులు హంగరీ రాజధాని బుడాపెస్టును అణచివేశాయి. మోంతాఁ సోవియట్ పర్యటన అంతకుముందే ఖరారై ఉంది. వెళ్ళవద్దని కొందరు మిత్రులు, వెళ్ళకపోతే ద్రోహమని మరికొందరు. చివరకు డిసెంబరులో వెళ్ళారు. మాస్కోలో ఒక రాత్రి ప్రదర్శన తరువాత క్రుశ్చేవ్, ఆయన సహచర నాయకులు భోజనానికి కూర్చోబెట్టినప్పుడు హంగరీ గురించి వారితో ముఖాముఖి వాదించారు. తరువాత తూర్పు యూరప్ దేశాలలో తిరిగి, అక్కడి సామాన్యులు తమ రాకను ఎలా చూశారో గ్రహించి ఇంటికి వచ్చారు. ఆత్మకథలో ఆమె ఈ భాగానికి చాలా పేజీలు కేటాయించారు, నాకు ఆ పుస్తకంలో అన్నిటికంటే విలువైనవి అవే. పశ్చాత్తాపపు నాటకం ఆడకుండా, వెళ్ళినందువల్లనే తమ కళ్ళు తెరుచుకున్నాయన్నట్లుగా రాశారు.

ఆ అనుభవం నేరుగా ఒక చిత్రంలోకి వచ్చింది. కోస్తా-గవ్రాస్ తీసిన "ది కన్ఫెషన్" (1970). చెకోస్లొవేకియా విదేశాంగ ఉపమంత్రిగా ఉండి, కమ్యూనిస్టు నాయకుల మీదనే నడిచిన 1952 నాటి స్లాన్‌స్కీ విచారణలో చిత్రహింసలతో నేరం ఒప్పించబడిన ఆర్తుర్ లండన్ కథ అది. మోంతాఁ ఆర్తుర్ లండన్‌గా, సిన్యోరే ఆయన భార్య లీజ్‌గా నటించారు. భర్త నేరం ఒప్పుకున్నాడని రేడియోలో విని, పార్టీ అబద్ధమాడదు కాబట్టి భర్తే ద్రోహి అయి ఉంటాడని నమ్మిన నిజాయితీ గల కమ్యూనిస్టు ఆ లీజ్. పాత మిత్రులు చాలామంది ఈ చిత్రాన్ని ద్రోహంగా చూశారు. తాను ఒకప్పుడు దేనిని నమ్మారో దానినే నమ్మిన స్త్రీని సిన్యోరే వెటకారం లేకుండా, జాలి లేకుండా నటించారు. పాత్ర నిడివి తక్కువే. అయినా మీ ప్రశ్నకు నా సమాధానం ఈ చిత్రంలోనే ఉంది: ఆమె రాజకీయాలు ఆమెకు ఇచ్చినది నినాదాల పాత్రలు కావు, పొరబడిన మనుషులను లోపలి నుంచి అర్థం చేసుకునే శక్తి.

మధ్యలో 1960 సెప్టెంబరు నాటి 121 మంది ప్రకటన ఉంది. అల్జీరియా యుద్ధంలో పోరాడటానికి నిరాకరించే సైనికుల హక్కును సమర్థించిన ఆ ప్రకటన మీద, ఆస్కార్ అందుకున్న అయిదు నెలలకే ఆమె సంతకం చేశారు. సంతకం చేసినవారిని ప్రభుత్వ రేడియో, టెలివిజన్ల నుంచి నిషేధించారు. కృష్ణా ఎక్స్‌ప్రెస్ గారు చెప్పిన దేశదేశాల తిరుగుడులో దీనికి కూడా కొంత భాగం ఉండవచ్చు.

ఆ ఏడాదే హాలీవుడ్‌లో మోంతాఁ, మేరిలిన్ మన్రోల వ్యవహారం పత్రికలకెక్కింది. సిన్యోరే పేరు వినగానే చాలామందికి గుర్తొచ్చేది అదొక్కటే కావడం విచారకరం. దాని గురించి ఆమె రాసుకున్న దానిలో మన్రో మీద ద్వేషం కనిపించదు, ఆప్యాయతే కనిపిస్తుంది. ఇంతకంటే ఆ సంగతిని ఇక్కడ పెంచడం అనవసరం.

జవాబు: గుమ్మం పక్క సీటు

చర్చ చదువుతూ వచ్చాను. ఇక్కడ ఎవరూ అంతగా ప్రస్తావించనిది ఆమె రచన. 1976లో వచ్చిన ఆత్మకథ ఫ్రాన్స్‌లో విపరీతంగా అమ్ముడుపోయింది. తారల ఆత్మకథలను ఇంకొకరు రాసిపెట్టడం మామూలే కాబట్టి ఈమె రాసినదేనా అన్న అనుమానాలు కూడా వచ్చాయి. ఆ తరువాత కలం వదలలేదు. 1985 తొలినాళ్ళలో వచ్చిన "అద్యూ వొలోద్యా" నవల, తూర్పు యూరప్ నుంచి పారిస్‌కు వలస వచ్చిన యూదు కుటుంబాల రెండు యుద్ధాల నడిమి జీవితం. తండ్రి ఇంటిపేరును తెరమీద వదులుకున్న మనిషి, అరవై దాటాక ఆ వైపు ప్రపంచాన్ని కాగితం మీద తిరిగి కట్టుకోవడంగా నేను దానిని చదివాను. "మేడమ్ రోజా" కూడా ఈ దారిలోదే. ఆష్‌విట్జ్ నుంచి బతికి బయటపడి, ఒకప్పుడు వేశ్యగా జీవించి, ఇప్పుడు వేశ్యల పిల్లలను పెంచుతూ బెల్వీల్ పేటలో ఉండే రోజా, మోమో అనే అరబ్ కుర్రవాడు. రొమేఁ గారీ మారుపేరుతో రాసి గోంకూర్ అనే ఫ్రెంచి సాహిత్య బహుమతి పొందిన నవల అది. సిన్యోరేకు ఫ్రెంచి సినిమా బహుమతి సెజార్ వచ్చింది, చిత్రానికి ఉత్తమ విదేశీ చిత్రంగా ఆస్కార్ వచ్చింది. దేదే నుంచి రోజా వరకు వేశ్య పాత్రలు వరుసగా చూస్తే వెండితెర వెనుక గారి మాట బలపడుతుంది, రోజాకు కావలసిన గతమంతా సిన్యోరే పాత చిత్రాలలోనే ఉంది.

చివరి ఏళ్ళలో ఆమె చూపు చాలావరకు పోయింది. క్లోమగ్రంథి క్యాన్సర్‌తో 1985 సెప్టెంబరు 30న నార్మండీలోని ఓతేయ్ గ్రామంలో, తమ ఇంట్లో మరణించారు. పేర్ లషేజ్ శ్మశానంలో ఆమె సమాధి ఉంది. 1991లో మోంతాఁను ఆ పక్కనే ఉంచారు.

మూడవ సందేహం గురించి. "కాస్క్ దోర్" తరువాత "రూమ్ ఎట్ ది టాప్", ఆ తరువాత "ది కన్ఫెషన్", "లె షా" ఇదే క్రమంలో చూడండి. "ఆర్మీ ఆఫ్ షాడోస్" చూసేశారు కాబట్టి దానిని "లె షా" తరువాత మళ్ళీ ఒకసారి చూస్తే నష్టం లేదు. ఆ చిత్రం 1969లో పారిస్ విమర్శకులలో కొందరికి ద గాల్ భజనగా తోచింది, అమెరికాలో 2006 దాకా విడుదలే కాలేదు, కాబట్టి పాత సమీక్షలను నమ్ముకోకండి. ఒక్క సూచన: ఇంగ్లీషులోకి డబ్బింగ్ చేసిన ప్రతుల జోలికి వెళ్ళకుండా, సబ్‌టైటిళ్ళు ఉన్న ఫ్రెంచి ప్రతులనే వెదకండి. సిగరెట్లతో బొంగురుపోయి, పదాన్ని కాస్త ఆలస్యంగా వదిలే ఆ గొంతు లేకుండా సిన్యోరేను చూడటం సగం చూడటమే. "రూమ్ ఎట్ ది టాప్"కు ఆ ఇబ్బంది లేదు, అందులో ఇంగ్లీషు మాట్లాడినది ఆమే.

రాత్రి ఆట

చాలా సంతోషం. "కాస్క్ దోర్" ఈ శనివారం చూస్తాను. కృష్ణా ఎక్స్‌ప్రెస్ గారికి ఒక ప్రశ్న మిగిలింది: "లా వవ్ కుదేర్క్"ను మీరు మీ వాదనకు అడ్డు వస్తుందని ఒప్పుకున్నారు, ఆ దశాబ్దంలో అలాంటివి ఇంకేమైనా ఉన్నాయా?

జవాబు: కృష్ణా ఎక్స్‌ప్రెస్

మోహం విషయంలో అంత బలమైనది నాకు మరొకటి తోచదు. కాని ముసలితనమే కథ కాని పాత్ర కావాలంటే పాత్రీస్ షెరో తీసిన "జుదిత్ తెర్పోవ్" (1978) చూడండి. ప్రతిఘటనలో పాల్గొన్న ఒక విధవరాలు, కూలిపోతున్న ఒక ప్రాంతీయ దినపత్రికను నిలబెట్టడానికి పూనుకొని ఓడిపోయే కథ. వయసు అందులో ఉంది, కాని ఆమె పోరాడేది యజమానులతో, అప్పులతో, సిబ్బందితో. పత్రికా కార్యాలయపు బల్ల వెనుక ఆమెను చూస్తుంటే పాత రీళ్ళు గారు చెప్పిన 1941 నాటి టైపిస్టు గుర్తుకు రావడం సహజం, అలా ముడివేయవద్దని ఆయన హెచ్చరించినా సరే.